వరంగల్ బజార్లలో ఫోటోలు: జనం దగ్గరికి వెళ్లాలంటే భయపడే తమ్ముడికి

అడిగిన ప్రశ్న ఇది: "హన్మకొండలో ఉంటాను. ఎనిమిది నెలలుగా వీధి ఫోటోలు తీస్తున్నాను. 18–55 కిట్ లెన్స్ ఉన్న పాత డీఎస్‌ఎల్‌ఆర్, దానికి 70–300 జూమ్ ఉన్నాయి. జనం దగ్గరికి వెళ్లాలంటే టెన్షన్, అందుకే ఎక్కువగా జూమ్‌తో దూరం నుంచే తీస్తాను. బాగున్నాయంటారు కానీ నాకు మాత్రం అన్నీ ఎక్కడో చూసినట్టే అనిపిస్తాయి. లక్ష పెట్టి మిర్రర్‌లెస్ కొంటే తేడా వస్తుందా? ఎవరైనా గొడవకు దిగితే చట్టం ఏమంటుంది?"

తమ్ముడూ, ఆ లక్ష రూపాయలు బ్యాంకులోనే ఉండనీ. నువ్వు పెట్టిన పన్నెండు ఫోటోలూ చూశాను. గుడి మెట్ల మీద ముడతల ముఖం ముసలాయన, చెరువు గట్టున పొద్దుగూకే వేళ నల్లగా నిలబడ్డ జంట, రిక్షాలో పడుకున్న మనిషి, గాజుల కొట్టు ముందు చిన్నపాప. ఫోకస్‌కు వంక పెట్టలేను. వెలుతురు కూడా బాగానే పట్టావు. కానీ ఇవి వరంగల్‌లో తీసినవని నువ్వు రాయకపోతే నాకు తెలిసేది కాదు. నాగపూర్ అని రాసినా నమ్మేవాణ్ణి. పుట్టినప్పటి నుంచి ఈ ఊళ్లోనే ఉన్నవాణ్ణి నేనే పోల్చుకోలేకపోయానంటే, లోపం కెమెరాది కాదు. జూమ్‌ను 300 దగ్గర పెట్టి తీస్తే వెనక ఉన్నదంతా మసకైపోతుంది. ఆ మసకలోనే దుకాణం బోర్డు, గోడ మీద పోస్టరు, పక్కన నిలబడ్డవాళ్లు, అంటే ఊరంతా పోయింది. మిగిలింది ఒక ముఖం. ఆ ముఖం నీకు ఎవరో తెలియదు.

నేను ముప్పై ఏళ్లు పెళ్లిళ్లు, పుట్టినరోజులు తీసి ఇల్లు నడిపినవాణ్ణి. బజారు ఫోటోలు నా సొంత పిచ్చి. అవి ఒక్క రూపాయి తెచ్చిపెట్టలేదు, పైగా ఫిల్ములకు బాగానే తిన్నాయి. ఆ పిచ్చిలో నాకు తెలిసివచ్చింది ఒకటే: వారానికి ఏడు చోట్లు తిరిగేవాడికంటే ఒక్క చోటికి ఇరవై సార్లు వెళ్లేవాడికే ఫోటోలు దొరుకుతాయి. మొదటిసారి వెళ్తే నువ్వు వింత. నాలుగోసారికి "మళ్లొచ్చిండు" అంటారు. పదోసారికి నీకు చాయ్ చెప్పి వాళ్ల పనిలో వాళ్లు పడిపోతారు. నీకు కావలసింది ఆ పదోసారి.

నా ఇరవై సార్లలో ఎక్కువ భాగం ఏనుమాముల మార్కెట్‌కే పోయాయి. కాశీబుగ్గ దాటాక వచ్చే వ్యవసాయ మార్కెట్ అది, నువ్వు చూసే ఉంటావు. చూడటం వేరు, అక్కడ ఒక రోజంతా ఉండటం వేరు. మిర్చి సీజన్‌లో, అంటే జనవరి నుంచి ఏప్రిల్ దాకా, రైతులు ముందు రోజు రాత్రే సరుకు దింపి బస్తాల మీదే పడుకుంటారు. తెల్లవారుజామున దుప్పటి ముసుగులు, వాటి కింది నుంచి బయటికొచ్చిన పాదాలు. తర్వాత పళ్లు తోముకోవడాలు, బస్తాల పక్కనే సద్దులు విప్పుకోవడాలు. జెండా పాట, అంటే ఆ రోజు ధర తేల్చే వేలం, అయ్యేసరికి యార్డు స్వభావమే మారిపోతుంది. ఖరీదుదార్లు బస్తా మూతి విప్పి చేయి లోపలికి దూర్చి నాలుగు కాయలు తీస్తారు. తొడిమ విరిచి, వాసన చూసి, అరచేతిలో గలగలలాడించి తేమ అంచనా వేస్తారు. నువ్వు చూడాల్సింది ఖరీదుదారు చేతిని కాదు, ఆ చేతినే చూస్తున్న రైతు ముఖాన్ని. నాకు ఇది అర్థం కావడానికి రెండు సీజన్లు పట్టింది. అంతదాకా ఎర్రటి కుప్పలు, వాటి మీద ఎగిరే దుమ్ము తీసుకుంటూ కూర్చున్నాను. అవి క్యాలెండర్లకు పనికొస్తాయి.

ఆ తర్వాత కాంటాలు మొదలవుతాయి. తూకం లెక్కలు చూసే దడువాయి రాసుకుంటుంటాడు, హమాలీలు బస్తా ఎత్తేటప్పుడు వాళ్లలో వాళ్లకే తెలిసిన ఒక కూత వేస్తారు. మధ్యాహ్నానికి సందడి తగ్గి, రాలిన కాయలు ఏరే ఆడవాళ్లు మిగులుతారు. చాలామంది ఫోటోగ్రాఫర్లు అప్పటికి ఇంటికెళ్లిపోయి ఉంటారు. నాకు నచ్చిన ఫోటోల్లో సగం ఆ ఖాళీ యార్డులోవే.

మిర్చి దగ్గర రెండు సాంకేతిక సంగతులు. ఒకటి, ఘాటు. ముక్కుకు తువ్వాల కట్టుకో, చేతులు కడుక్కోకుండా కంట్లో పెట్టుకోకు, అక్కడ లెన్స్ మార్చనే మార్చకు. రెండోది, ఎరుపు. ఎండలో మిర్చి కుప్పను కెమెరా చెప్పినట్టే తీస్తే ఎరుపు ఛానెల్ పొంగిపోయి కాయకూ కాయకూ తేడా పోతుంది, ఎర్ర రంగు డబ్బా ఒలికినట్టు ఉంటుంది. వెలుతురు ఎంత పడిందో చూపే గ్రాఫు, అంటే తెల్లటి హిస్టోగ్రామ్, బాగానే కనిపిస్తుంది కాబట్టి మోసపోతావు, మూడు రంగులూ విడివిడిగా చూపించే హిస్టోగ్రామ్ పెట్టుకో. ఎక్స్‌పోజర్‌ను (కెమెరాలోకి పడే వెలుతురును) ఒక స్టాపులో మూడింట రెండు వంతులు తగ్గించి, కెమెరా ఏ మార్పూ చేయని రా ఫైల్‌లో తీయి.

ఇక భయం సంగతి. నీ భయం తప్పని చెప్పను. నాకు ఇప్పటికీ మొదటి పది నిమిషాలు గుండె కొట్టుకుంటుంది. ఆ పది నిమిషాలూ కెమెరా మెడలో బయటికి కనపడేలా వేసుకుని ఊరికే తిరుగు, తీయకు. చాయ్ తాగు. దాచుకుని తిరిగేవాణ్ణే జనం అనుమానిస్తారు. అందరికీ కనిపిస్తూ, నిదానంగా తిరిగేవాణ్ణి చూసి మహా అయితే "పేపరోళ్లా?" అని అడుగుతారు. కాదని నిజం చెప్పు. "మరి ఎందుకు తీస్తున్నవ్?" అనేది తర్వాతి ప్రశ్న. దానికి జవాబు ఇంట్లోనే తయారు చేసుకుని వెళ్లు. "మన మార్కెట్ ఎట్లుంటదో పదేండ్ల తర్వాత పిల్లలకు తెల్వాలె గదా" అంటాను నేను. అది అబద్ధం కాదు కాబట్టి నోట్లోంచి తేలిగ్గా వస్తుంది. ప్రాజెక్టు, డాక్యుమెంటరీ లాంటి మాటలు అక్కడ వాడావంటే ఏ స్కీము పైసలో వస్తాయనుకుంటారు.

తీసేముందు అడగాలా, తీశాక అడగాలా అని అందరూ వాదించుకుంటారు. నా పద్ధతి చెప్తాను. పనిలో ఉన్న మనిషైతే ముందు తీస్తాను, తల ఎత్తగానే నవ్వి చేయి ఊపి, దగ్గరికెళ్లి తెర మీద చూపిస్తాను. ఊరికే కూర్చున్నవాళ్లను, నిద్రపోయేవాళ్లను, బాధలో ఉన్నవాళ్లను ముందు తీయను. తాగి పడిపోయినవాళ్లను అసలే తీయను. మన పెద్ద సర్కారు ఆసుపత్రి ఎంజీఎం గేటు దగ్గర కెమెరా సంచిలో పెట్టేస్తాను. అక్కడ దొరికే ఫోటోలు ఎంత బలంగా ఉంటాయో నాకు తెలుసు. అందుకే పెట్టేస్తాను.

వద్దంటే వద్దు. ఒక ఏడాది ధర బాగా పడిపోయిన రోజు, బస్తాల మీద తల పట్టుకుని కూర్చున్న ఒక పెద్దమనిషిని తీశాను. ఆయన లేచి వచ్చి, "బిడ్డా, నా ఏడుపు నీకు ఫోటోనా?" అన్నాడు. గట్టిగా కూడా అనలేదు. ఆయన ముందే తుడిచేశాను. మంచి ఫోటో అది. ఇప్పటికీ కళ్ల ముందుంది, అక్కడే ఉండనీ. తుడిచాక వెంటనే వెళ్లిపోలేదు, పక్కన కూర్చున్నాను. గంట తర్వాత ఆయనే పురుగుమందుల అప్పు సంగతి, కౌలు సంగతి మొదలుపెట్టాడు. ఆ రోజు ఇంకేమీ తీయలేదు.

తీసిన ఫోటోలు తిరిగి ఇవ్వడం సగం పని అనుకో. నాలుగు బై ఆరు ప్రింట్లు వేయించి, వెనక పేరు రాసుకుని తీసుకెళ్లు. వాట్సాప్‌లో పంపితే ఫోను మారినప్పుడు పోతుంది. కాగితం మీదిది దేవుడి పటం పక్కకు వెళ్తుంది. అయితే ప్రింట్లు ఇవ్వడం మొదలుపెడితే కొన్ని పాఠాలు కూడా తినాల్సి వస్తుంది. కొత్తవాడలో ఒక దరీ (నేల మీద పరిచే నేత తివాచీ) నేసే ఆయన్ని చాలా ఏళ్లు తీశాను. వరంగల్ దరీలకు 2018లో భౌగోళిక గుర్తింపు వచ్చిందని అందరూ చెప్పుకుంటారు గానీ, ఆ మగ్గాల ముందు కూర్చునే వాళ్లలో చాలామంది నెరిసిన తలలే. ఒక వాకిట్లోంచి పడే వెలుతురులో, బనియన్ మీద, మగ్గం ముందు ఆయన కూర్చున్న ఫోటో నా దృష్టిలో నేను తీసిన వాటిలో మొదటి ఐదింటిలో ఉంటుంది. ప్రింటు కూడా ఇచ్చాను. ఆయన పోయాక కొడుకు నా స్టూడియోకి వచ్చాడు, అదే ప్రింటు పట్టుకుని. దశదినకర్మకు పెద్దది చేసి ఇవ్వమన్నాడు. నాకు లోపల్లోపల గర్వం. అంతలో మెల్లగా అన్నాడు: "అన్నా, మగ్గం కనపడకుంట చెయ్యి. బనియన్ తీసేసి తెల్ల అంగీ వెయ్యి."

వేశాను. మగ్గం తీసేసి వెనక నీలం తెర పెట్టాను, వేరే ఎవరిదో చొక్కా తెచ్చి ఆయనకు తొడిగాను. ఆ రాత్రంతా చిరాకుగా ఉండింది. తర్వాత ఆలోచిస్తే, వాళ్ల నాన్న ఎట్లా కనపడాలో చెప్పే హక్కు వాళ్లది. బనియన్‌లో, చెమటలో, కష్టంలో అందం నాకు కనిపించింది. వాళ్లకు కనిపించింది పేదరికం. నీ ఫోటోలో ముడతల ముసలాయన దగ్గర నేను ఆగింది ఇందుకే. ఆయన ఆ ఫోటో చూస్తే ఏమంటాడో నువ్వు ఒక్కసారి అడిగి చూడు. ఆయన నీకు మళ్లీ దొరికితే.

కెమెరా విషయానికొస్తే, 70–300 ఇంట్లో పెట్టు. 18–55ని 24 దగ్గర ఆపి, జూమ్ రింగు కదలకుండా టేపు అంటించు. మీ కెమెరా చిన్న సెన్సరు మీద అది పాత ఫిల్మ్ కెమెరా లెక్కలో సుమారు 36 అవుతుంది, వీధికి అంతకంటే మంచి కొలత లేదు. ఎపర్చర్, అంటే లెన్స్‌లో వెలుతురు వచ్చే రంధ్రం, ఎఫ్ 8. మూడు మీటర్ల దూరంలో ఉన్న స్తంభానికో స్కూటరుకో ఫోకస్ చేసి, లెన్స్ మీద మీటను మాన్యువల్‌కు తిప్పెయ్. ఇప్పుడు దాదాపు 1.7 మీటర్ల నుంచి 14 మీటర్ల దాకా అంతా స్పష్టంగా వస్తుంది. షట్టరు సెకనులో 500వ వంతు, ఐఎస్‌ఓ ఆటో. ఇక కెమెరా వెతుక్కునేది ఏమీ లేదు, నొక్కగానే తీస్తుంది. లక్ష రూపాయల కెమెరా కంటిని వెతికి పట్టుకునే లోపు నీది తీసేసి ఉంటుంది. మూడు మీటర్లు అంటే నీ అడుగులతో ఎన్నో ఇంట్లో కొలుచుకో. నాకు నాలుగు పెద్ద అడుగులు. ఫ్రాన్స్ ఫోటోగ్రాఫర్ కార్టియర్ బ్రెస్సన్ జీవితంలో ఎక్కువ భాగం ఒక్క 50 లెన్స్‌తోనే తీశాడంటే అది నిరాడంబరత ఏమీ కాదు. దూరం కాళ్లకు తెలిసిపోతే కళ్లకు తీరిక దొరుకుతుంది.

వెలుతురు గురించి మన ఊరికి వర్తించే లెక్క ఒకటి ఉంది, యూట్యూబ్‌లో యూరప్ వాళ్లు చెప్పేది ఇక్కడ కుదరదు. వరంగల్ దాదాపు 18 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉంది. మే రెండో వారంలో మిట్టమధ్యాహ్నం సూర్యుడు సరిగ్గా నడినెత్తిన ఉంటాడు, నిలబెట్టిన కర్రకు నీడ పడదు. మనిషి కళ్లు రెండు నల్ల గుంటలైపోతాయి. ఏప్రిల్, మే నెలల్లో పొద్దున ఎనిమిదిన్నర లోపు, సాయంత్రం ఐదు తర్వాత, అంతే. అదే డిసెంబరు చివర్లో మధ్యాహ్నం పన్నెండుకు కూడా సూర్యుడు 49 డిగ్రీల ఎత్తు దాటడు. రోజంతా పక్క నుంచి పడే ఎండ, పొడుగు నీడలు. నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా సెలవులు దాచుకుని తీయి. ఎండాకాలంలో నీడ పట్టున తీయాలంటే దుకాణాల ముందు కట్టే ఆకుపచ్చ పరదాలు, నీలం టార్పాలిన్లు ముఖాలకు రంగు పులుముతాయి. అది చూసి బ్లాక్ అండ్ వైట్ చేసేయాలనిపిస్తుంది. చేయకు. టార్పాలిన్ కింద మనుషులు నీలంగానే ఉంటారు, అది కూడా ఈ ఊరే.

నీ పన్నెండింటిలో ఎనిమిది బ్లాక్ అండ్ వైట్ ఎందుకు చేశావో నాకు తెలుసు. బలహీనమైన ఫోటోకు అది పౌడరు. ఫోటోగ్రాఫర్ రఘుబీర్ సింగ్ బతికినంత కాలం, అంటే 1999 దాకా, మన దేశపు వీధుల్ని రంగుల్లోనే తీశాడు. రంగు లేకుండా ఈ దేశం కుదరదన్నది ఆయన పట్టు. మన దగ్గరే పుట్టిన ఫోటోగ్రాఫర్ భరత్ భూషణ్ బతుకమ్మలనూ తెలంగాణ ఇళ్లనూ ఆడవాళ్ల రోజువారీ పనులనూ ఎలా తీశారో వెతికి చూడు. 2022లో పోయారు. తంగేడు పసుపును బూడిద రంగు చేసి ఏం సాధిస్తాం?

పండుగల మీద ఒక మాట. సద్దుల బతుకమ్మ నాడు పద్మాక్షి గుట్ట దగ్గర ఆడవాళ్లకంటే కెమెరాలు ఎక్కువేమో అనిపిస్తుంది. వెళ్లు, కానీ మీ అమ్మతోనో అక్కతోనో వెళ్లు. వీలైతే మధ్యాహ్నం నుంచే నీ గల్లీలో పూలు పేర్చడం తీయి, అక్కడ ఇంకో కెమెరా ఉండదు. మేడారం జాతరకు వెళ్తే జంపన్నవాగులో స్నానాలు చేసే ఆడవాళ్ల మీదికి లెన్స్ తిప్పకు. అట్లాంటి ఫోటోలకు బహుమతులొచ్చిన రోజులు చూశాను, జడ్జీలుగా కూర్చున్నవాళ్ల మీద మర్యాద పోయింది. ఖిలా వరంగల్‌లో కాకతీయ తోరణాన్ని కోటి మంది తీశారు, నువ్వు రాతికోట ద్వారం దగ్గర నిలబడు. ఆ మలుపుల్లోంచి ఆటోలు, బర్రెలు, బడి పిల్లలు ఇప్పటికీ రోజూ పోతూనే ఉంటారు. కోట లోపల మనుషులు కాపురాలుంటున్నారన్న సంగతి చాలామంది పర్యాటకులకు తట్టదు.

చట్టం అడిగావు. నేను లాయర్ని కాను, స్థూలంగా చెప్తాను. బహిరంగ వీధిలో ఫోటో తీయడాన్ని నేరుగా నిషేధించే చట్టం మనకు లేదు. కానీ 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో 77వ సెక్షన్ ఉంది. ఎవరూ చూడరనుకున్న ఏకాంతంలో ఉన్న స్త్రీని తీస్తే మొదటిసారికే ఏడాదికి తగ్గకుండా మూడేళ్ల దాకా జైలు. 78వ సెక్షన్ వద్దన్నా వెంటపడటం గురించి. పురావస్తు శాఖ కట్టడాల్లో ట్రైపాడ్‌కు అనుమతి కావాలి, రైల్వే స్టేషన్‌లో పెద్ద కెమెరా తీస్తే ముందు అక్కడున్నవాళ్లను అడుగు. ఫోటోను ప్రకటనకు అమ్మితే అందులోని మనిషి రాతపూర్వక ఒప్పుకోలు తీసుకో. ఇంతవరకు చాలు. నిజంగా గొడవైనప్పుడు సెక్షన్లు వల్లించినవాడు నా ఎరుకలో ఒక్కడూ గెలవలేదు. ఒకసారి ఒక దుకాణం ముందు పదిమంది చుట్టుముట్టి నా కెమెరా గుంజుకున్నారు. "నాది హన్మకొండ, ఫలానా గల్లీ, ఇదిగో చూడండి ఏం తీశానో" అని ఒక్కొక్కటీ చూపిస్తే, చివరికి అందులో ఒకాయన తన బండి కూడా తీయమన్నాడు.

చివరిగా నువ్వు అడగనిది. ప్రతి ఫోటోకూ తేదీ, బజారు పేరు, ఏం జరుగుతోందో రెండు ముక్కలు రాయి. జిల్లా పేరు మాత్రమే రాసి వదలకు. 2016లో జిల్లాలు విడిపోయాయి, 2021లో వరంగల్ అర్బన్ పోయి హనుమకొండ జిల్లా అయింది. నా ఫోల్డర్లలో ఒకే చౌరస్తా మూడు జిల్లాల పేర్లతో ఉంది. 1934లో మొదలైన ఆజంజాహి మిల్లు గోడ పక్కన చాయ్ తాగుతున్న కార్మికుల నెగెటివ్ ఒకటి ఉంది నా దగ్గర. మిల్లు మూతపడకముందుదా, తర్వాతదా రాసుకోలేదు. తర్వాతదైతే వాళ్లు కార్మికులు కాదు, ఉద్యోగం పోయినవాళ్లు. ఆ నాలుగు అక్షరాలు రాసుకోనందుకు ఆ ఫోటో ఎవరికీ చూపించలేకపోతున్నాను. ఇంకా, కాపీలు రెండు చోట్ల ఉంచు. 2011లో నా హార్డ్ డిస్క్ ఒక్కటి పోతే మూడేళ్ల బజారు పోయింది.

వారాంతం సెలవుల తర్వాత సోమవారం ఏనుమాములకు సరుకు ఎక్కువగా వస్తుంది. తెల్లవారుజామున ఐదున్నరకు గేటు దగ్గర ఉండు. మొదటి మూడు సోమవారాలు రోజుకు ముప్పై ఆరు ఫోటోలే, పాత ఫిల్ము రీలులో ఉన్నన్ని. నాలుగో సోమవారం ప్రింట్లు పట్టుకుని వెళ్లు. ఆ తర్వాత పన్నెండు ఫోటోలు మళ్లీ ఇక్కడ పెట్టు, చూసి చెప్తాను. వాటిలోని మనుషుల పేర్లు నీకు తెలిసి ఉండాలి, మాకు చెప్పనక్కర్లేదు.